టూ-టూ రైఫిల్ శుభ్రం చేయాలంటే: ముందు మ్యాగజైన్, తర్వాతే బోల్ట్

పోయిన ఎపిసోడ్‌లో పాయింట్ టూ టూ రైఫిల్ విప్పి శుభ్రం చేసుకునే సంగతి మాట్లాడుకున్నాం. చెవితో విని పిన్ను ఎటు తొయ్యాలి, బోల్ట్ ఏ కొస పట్టుకుని ఎత్తాలి అనేది పట్టుకోవడం కష్టం కదండీ. అందుకే ఎపిసోడ్ పాఠంతో పాటు ఇది విడిగా రాసి పెడుతున్నా. బెంచీ మీద ఫోన్ పెట్టుకుని చదువుతూ చేసుకోవచ్చు.

ఉదాహరణకి రూగర్ 10/22 తీసుకుంటున్నా. 1964లో వచ్చిన రైఫిల్, ఇప్పటికీ తయారవుతూనే ఉంది. ఇక్కడ టెక్సాస్‌లో ఊరి బయట రెండు మూడు ఎకరాలు కొనుక్కున్న మనవాళ్ల ఇళ్లల్లో రైఫిల్ అంటూ ఉంటే ఎక్కువగా ఇదే ఉంటుంది. పది తూటాలు పట్టే గుండ్రటి మ్యాగజైన్. ట్రిగ్గర్ నొక్కిన ప్రతిసారీ ఒకటి పేలి, తర్వాతది దానంతట అదే చాంబర్‌లోకి ఎక్కుతుంది. మీ దగ్గర ఉన్నది వేరే కంపెనీదైతే విప్పే వరస మారుతుంది, దాని మాన్యువల్ చూడండి. ఖాళీ చేసే వరస మాత్రం ఊడొచ్చే మ్యాగజైన్ ఉన్న ఏ రైఫిల్‌కైనా ఇదే.

అసలు పనికి ముందు వీసా సంగతి ఒకటి. హెచ్-1బి, ఎల్-1, ఎఫ్-1, హెచ్-4 లాంటి నాన్ ఇమ్మిగ్రెంట్ వీసా మీద వచ్చినవాళ్ల దగ్గర తుపాకీ గానీ తూటాలు గానీ ఉండకూడదని ఇక్కడి ఫెడరల్ చట్టం. దీనికి ముఖ్యమైన మినహాయింపు, ఏదో ఒక రాష్ట్రం ఇచ్చిన గడువు తీరని హంటింగ్ లైసెన్స్ ఉండటం. గ్రీన్ కార్డ్ వాళ్లకి ఈ అడ్డు లేదు. కొనడం ఒక్కటే కాదండీ, దగ్గర ఉంచుకోవడం కూడా నేరమే. “అన్నా, నేనే క్లీన్ చేసి తెస్తాలే” అని బావమరిదో రూమ్మేటో పట్టుకెళ్లే ముందు అతని స్టేటస్ ఏంటో చూసుకోండి. అనుమానం ఉంటే లాయర్‌ని అడగండి. వాట్సాప్ గ్రూపులో అడిగే ప్రశ్న కాదు ఇది.

ఇక పనిలోకి వద్దాం. విప్పడం కష్టమైన పని కాదు, ఫిట్టర్ పని తెలిసినవాడికి అరగంట. ప్రమాదమంతా విప్పక ముందే ఉంది. “ఖాళీదే” అనుకుని పట్టుకున్న తుపాకీ పేలితేనే ఇళ్లల్లో ఘోరాలు జరిగేది. ఖాళీ చెయ్యడంలో వరస తప్పితే, నిండుగా ఉన్న రైఫిల్ కూడా చూసేవాడికి ఖాళీగా కనపడుతుంది. ఎలాగో చెబుతా.

మ్యాగజైన్ లోపల ఉంది, చాంబర్‌లో ఒక తూటా ఉంది అనుకోండి. ఒకాయన ముందు బోల్ట్ వెనక్కి లాగుతాడు. చాంబర్‌లో ఉన్న తూటా ఎగిరి కింద పడుతుంది. “హమ్మయ్య, వచ్చేసింది” అని బోల్ట్ వదిలేస్తాడు. బోల్ట్ ముందుకెళ్తూ మ్యాగజైన్‌లోంచి ఇంకో తూటాని చాంబర్‌లోకి తోసుకుపోతుంది. ఆ తర్వాత తీరిగ్గా మ్యాగజైన్ తీసి పక్కన పెడతాడు. ఇప్పుడు చూడండి: మ్యాగజైన్ చేతిలో ఉంది, ఒక తూటా నేల మీద కనపడుతోంది, రైఫిల్ ఖాళీ అని మనసు ఒప్పేసుకుంది. లోపల మాత్రం తూటా రెడీగా ఉంది. మనిషి చెయ్యాల్సిన రెండు పనులూ చేశాడు, కాకపోతే తలకిందులుగా చేశాడు.

కాబట్టి వరస ఇది. గొట్టం మూతి ప్రమాదం లేని వైపు, వేలు ట్రిగ్గర్ గార్డ్ బయట, సేఫ్టీ ఆన్. ముందు మ్యాగజైన్ ఊడదీసి దూరంగా పెట్టండి. అప్పుడు బోల్ట్ వెనక్కి లాగండి, రెండు మూడు సార్లు. తర్వాత బోల్ట్‌ని వెనకాలే లాక్ చేయండి, ట్రిగ్గర్ గార్డ్ ముందున్న చిన్న మీట దానికే. లైటు వేసి చాంబర్‌లోకి చూడండి, మ్యాగజైన్ ఉండే గుంటలోకీ చూడండి. చూశాక చిటికెన వేలు పెట్టి తడిమి చూడండి. టూ-టూ తూటా సన్నది, నల్లటి మసిలో కంటికి ఆనకపోవచ్చు. వేలికి మాత్రం తగులుతుంది.

సైట్‌లో పని చేసేవాళ్లకి ఇది కొత్తగా ఉండదు. మెషీన్ తెరిచే ముందు బ్రేకర్ ఆపి, తాళం వేసి, ట్యాగ్ తగిలించి, అంతటితో ఊరుకోం. స్టార్ట్ బటన్ నొక్కి నిజంగా చచ్చిందా లేదా చూస్తాం. ఆపడం ఒక పని, ఆగిందని రుజువు చేసుకోవడం ఇంకో పని. కాంక్రీట్‌లోకి మేకు దించే పౌడర్ టూల్ ఉంటుంది కదా, అందులో వాడేది కూడా టూ-టూ సైజు మందు గుళికే చాలాసార్లు. కాల్చబోయే ముందు తప్ప దాన్ని లోడ్ చేయకూడదు, లోడ్ చేసి వదిలి వెళ్లకూడదు అని ఓషా రూలు. ఆ టూల్ దగ్గర అంత జాగ్రత్తగా ఉండే మనిషి ఇంట్లో రైఫిల్ దగ్గర “అబ్బే, చిన్నదే కదా” అంటాడు. చిన్నదేం కాదండీ. మైలు, మైలున్నర దాకా ప్రమాదం అని తూటాల డబ్బాల మీదే రాసి ఉంటుంది.

“ప్రమాదం లేని వైపు” అన్నాను కదా, అది ఇంట్లో ఎక్కడుంది? ఇది కట్టేవాడిగా చెబుతున్నా. మన ఊళ్లో తొమ్మిదంగుళాల ఇటుక గోడ అలవాటుతో ఇక్కడి గోడని నమ్మకండి. లోపలి గోడ అంటే రెండు పక్కలా అర అంగుళం జిప్సం బోర్డు, పదహారు అంగుళాలకి ఒక చెక్క నిట్టాడి, మధ్యలో గాలి. టూ-టూ తూటా అలాంటి గోడ దాటి పక్క గదిలోకి పోతుంది, ఇంకో గోడ కూడా దాటొచ్చు. మేడ మీద ఉంటే కింద నేల కూడా ముప్పావు అంగుళం చెక్క పలకే. గరాజ్‌లో కాంక్రీట్ స్లాబ్ ఉందిగా అంటారేమో. కాంక్రీట్ మీద తూటా ఆగదు, ఎటు చిందుతుందో తెలియదు. ఐదు గాలన్ల బకెట్ నిండా పొడి ఇసుక పోసి గరాజ్ మూల పెట్టుకోండి. ఖాళీ చేసేటప్పుడు, మళ్లీ బిగించి పరీక్షించేటప్పుడు మూతి ఆ ఇసుక వైపు. హోమ్ డిపోలో దొరుకుతాయి, పెద్ద ఖర్చేం కాదు.

తూటాల డబ్బా వేరే గదిలో ఉండాలి. మ్యాగజైన్‌లోంచి తీసినవి కూడా అక్కడికే పోవాలి. బెంచీ మీద ఒక్కటి కూడా ఉండకూడదు. నూనె, సాల్వెంట్ పక్కన తూటాలు పెడితే అవి పాడయ్యే అవకాశం కూడా ఉంది.

ఇప్పుడు విప్పుదాం. కళ్లద్దాలు పెట్టుకోండి, ఒక స్ప్రింగు మన మీదకి వచ్చే ఛాన్స్ ఉంది. స్టాక్ ముందు భాగంలో గొట్టాన్ని చుట్టి ఒక బ్యాండ్ ఉంటుంది, కార్బైన్ మోడల్ అయితే. దాని స్క్రూ వదులు చేసి బ్యాండ్‌ని ముందుకి జరిపి తీసేయండి. స్టాక్ అడుగున మ్యాగజైన్ గుంటకి ముందు ఒక పెద్ద స్క్రూ ఉంటుంది, అది పూర్తిగా తీయండి. స్క్రూ గాడికి సరిగ్గా సరిపోయే బిట్ వాడాలి. వదులు బిట్‌తో తిప్పితే తల చెక్కుకుపోతుంది, ఆ మచ్చ ఎప్పటికీ పోదు.

ఇక్కడ ఆగండి. సేఫ్టీ బటన్ ట్రిగ్గర్ గార్డ్‌లో అడ్డంగా దూరి ఉంటుంది, ఏదో ఒక పక్క బయటికి పొడుచుకొస్తుంది. అది స్టాక్ చెక్కకి తట్టుకుంటుంది కాబట్టి మెకానిజం పైకి రాదు. రావాలంటే బటన్‌ని సగానికి, అంటే నడిమధ్యకి తొయ్యాలి. అంటే ఈ రైఫిల్‌ని స్టాక్‌లోంచి తియ్యడానికే సేఫ్టీని సేఫ్ నుంచి జరపాలన్న మాట! నడిమధ్యలో ఉన్న సేఫ్టీని నమ్మడానికి లేదు. “సేఫ్టీ ఆన్‌లోనే ఉందిగా” అనే ధైర్యం ఈ ఒక్క మెట్టు దగ్గరే కూలిపోతుంది. ఇందాక చాంబర్‌లో వేలు పెట్టి చూసింది ఇందుకే. మధ్యలో ఫోన్ వచ్చి పక్కకి వెళ్లారనుకోండి, తిరిగొచ్చాక ఆ తనిఖీ మళ్లీ మొదట్నుంచి చేయండి.

బటన్ మధ్యకి వచ్చాక, బోల్ట్‌ని ముందుకి వదిలి, గొట్టం కొస పట్టుకుని ముందు భాగం పైకి ఎత్తితే మొత్తం స్టాక్‌లోంచి లేచి వస్తుంది. రాకపోతే బలవంతం చేయొద్దు, బటన్ ఇంకా కొంచెం ఒక పక్కకి ఉందన్నమాట. బయటికొచ్చాక సేఫ్టీ మళ్లీ ఆన్ చేసుకోండి. ట్రిగ్గర్ నొక్కకండి. సుత్తి వెనక్కి ఎక్కి ఉండాలి, అది ఎక్కి ఉంటేనే తర్వాత బిగింపు సులువు.

రిసీవర్ అంటే పైనున్న పెట్టె. దాని పక్కన ట్రిగ్గర్ భాగాన్ని పట్టుకుని రెండు పిన్నులుంటాయి. ఒక పక్కనుంచి నెడితే రెండో పక్కకి వచ్చేస్తాయి, చాలా వదులుగా ఉంటాయి. ఒక్కోసారి రైఫిల్ పక్కకి వంచితేనే జారి పడతాయి, అందుకని కింద తెల్ల టవల్ పరిచి పెట్టుకోండి. రాకపోతే చెక్క పుల్లో ఇత్తడి పంచో వాడండి. రిసీవర్ అల్యూమినియం మిశ్రమం, ఉక్కు పంచ్ జారితే గీత పడిపోతుంది. పిన్నులు రాగానే ట్రిగ్గర్ భాగం మొత్తం ఒక్క ముక్కగా ఊడొస్తుంది. వెనక వైపు ఇంకొంచెం లావు పిన్ను ఒకటి ఉంటుంది, బోల్ట్‌ని వెనక్కి పోకుండా ఆపేది. అదీ తీసేయండి.

ఆఖరున బోల్ట్. రిసీవర్‌ని తలకిందులు చేసి పట్టుకుని, చేతి పిడితో బోల్ట్‌ని పూర్తిగా వెనక్కి లాగి, బోల్ట్ ముందు కొసని పైకి ఎత్తితే బయటికొస్తుంది. పిడిని ఒక్కసారిగా వదలకండి, మెల్లగా ముందుకి రానివ్వండి. పిడి, దాని కడ్డీ, స్ప్రింగు కలిసి ఒకే ముక్కగా వస్తాయి. నేను చెప్పిన అద్దాలు ఈ స్ప్రింగు కోసమే.

ఇంతటితో విప్పడం ఆపేయండి. ఐటీఐలో ఫైలు పట్టిన ప్రతివాడికీ ఒక జబ్బు ఉంటుంది, ఇంకో స్క్రూ కనపడితే అది కూడా తిప్పాలనిపిస్తుంది. ట్రిగ్గర్ భాగం లోపల సుత్తి, సియర్, చిన్న చిన్న స్ప్రింగులు ఉంటాయి. అవి ఒకదాన్నొకటి పట్టుకునే అంచు వెంట్రుకవాసి మారితే రైఫిల్ దానంతట అదే పేలే పరిస్థితి వస్తుంది. శుభ్రం చేయడానికి దాన్ని విప్పాల్సిన పని లేదు. బయట ఉండగా దాని ట్రిగ్గర్ నొక్కి ఆడుకోవద్దు, ఆపేందుకు బోల్ట్ లేదు కాబట్టి సుత్తి విసురుగా వెళ్లి ఫ్రేముకి కొట్టుకుంటుంది. అలాగే గొట్టాన్ని రిసీవర్‌కి పట్టి ఉంచే రెండు స్క్రూల జోలికి పోవద్దు. మ్యాగజైన్ కూడా విప్పొద్దు. లోపల చుట్టిన స్ప్రింగు ఉంటుంది, విప్పితే బిగువు పోతుంది. పాత టూత్ బ్రష్‌తో నోరు దగ్గర తుడిస్తే చాలు.

టూ-టూలో మురికి పెద్ద తుపాకుల కంటే వేరే రకం. తూటా ఉత్త సీసం, చాలా వాటికి పైన మైనం పూత. కాల్చిన కొద్దీ మైనం, సీసం, మందు మసి కలిసి బోల్ట్ ముఖం మీద, ఖాళీ తొడుగుని లాగే కొక్కెం కింద, చాంబర్ నోటి దగ్గర జిగటగా పేరుకుంటాయి. తూటా సగం ఎక్కి ఇరుక్కుపోవడం, ఖాళీ తొడుగు బయటికి రాకపోవడం లాంటి తంటాలు ఎక్కువగా వచ్చేది అక్కడి నుంచే. టైమంతా అక్కడ పెట్టండి. సాల్వెంట్ తడిపిన బ్రష్, పళ్లు కుట్టుకునే పుల్లలు, చెవి పుల్లలు. బోల్ట్ ముఖం మెరిసేదాకా.

గొట్టం లోపల మాత్రం ప్రతిసారీ రుద్దాల్సిన పని లేదు. మామూలు 10/22లో వెనకనుంచి కడ్డీ దూర్చడానికి దారి లేదు, రిసీవర్ వెనక మూసి ఉంటుంది. మూతి వైపు నుంచే పెట్టాలి. మూతి అంచు చాలా ముఖ్యం అండీ, తూటా గొట్టాన్ని చివరగా వదిలేది అక్కడే. కడ్డీ రాసుకుని ఆ అంచు ఒక పక్క అరిగితే గురి పోతుంది. అందుకే నేను తాడు రకం వాడతా, చాంబర్ వైపు నుంచి వేసి మూతి వైపు లాగేది. మన దగ్గర ఎన్‌సీసీలో చేసినవాళ్లకి పుల్ త్రూ గుర్తుండే ఉంటుంది, అదే సంగతి, అక్కడా టూ-టూ రైఫిలే కదా ఇచ్చేది. 2012లో వచ్చిన టేక్‌డౌన్ మోడల్ అయితే, బోల్ట్ వెనక లాక్ చేసి, మీట తోసి, గొట్టం కొంచెం తిప్పితే విడిగా వచ్చేస్తుంది, వెనకనుంచే హాయిగా తుడుచుకోవచ్చు.

తుడిచే ముందు, బోల్ట్ బయటే ఉండగా, చాంబర్ దగ్గర తెల్ల కాగితం ముక్క పెట్టి దాని మీద లైటు వేసి, మూతి వైపు నుంచి చూడండి. గుండ్రటి వెలుతురు కనపడాలి. కాల్చినప్పుడు ఏదైనా తూటా “టప్” అని నీరసంగా పేలి ఉంటే అది గొట్టంలోనే ఇరుక్కుని ఉండొచ్చు. దాని వెనక ఇంకోటి కాల్చితే గొట్టం ఉబ్బుతుంది, పగలొచ్చు కూడా. వెలుతురు రాకపోయినా, తాడు దూరకపోయినా కడ్డీ పెట్టి సుత్తితో కొట్టకండి, గన్‌స్మిత్ దగ్గరికి తీసుకెళ్లండి.

నూనె తక్కువ. బోల్ట్ జారే చోట ఒక పల్చటి పూత, పిడి కడ్డీకి ఒక చుక్క, గొట్టం బయట గుడ్డతో తుడుపు. చాంబర్, గొట్టం లోపల పొడిగా ఉండాలి. ఎక్కువ పోస్తే మన టెక్సాస్ దుమ్ము దానికే అంటుకుని ముద్దవుతుంది. ఇంట్లో తలుపు మడతకి కొట్టే డబ్ల్యూడీ-40ని నేను దీనికి వాడను, కొన్నాళ్లకి జిగురు లాంటి పొర మిగులుతుంది. తుపాకుల నూనె చిన్న సీసా ఏళ్లు వస్తుంది.

సీసం గురించి కాస్త గట్టిగానే చెప్పాలి. మసిలో సీసం ఉంటుంది, తూటాదే కాకుండా, తొడుగు అంచులో నింపే పేలుడు మందులోది కూడా. సైట్‌లో సీసం రంగు గోకే పని వస్తే ఎనిమిది గంటల షిఫ్టుకి గాలిలో ఘనపు మీటరుకి 50 మైక్రోగ్రాములు దాటకూడదని ఓషా లెక్క, మాస్కులు, బట్టలు మార్చుకునే గది, రక్త పరీక్షలు, అంత హడావుడి. అదే సీసాన్ని అన్నం తినే బల్ల మీద పేపర్ పరిచి తుడవడం ఏం తెలివి? పిల్లలకి సీసం ఎక్కువ చేటు, మెదడు ఎదుగుదల మీద దెబ్బ. గరాజ్‌లో, తలుపు ఎత్తి పెట్టి చేయండి. నైట్రైల్ గ్లోవ్స్ వేసుకోండి. మధ్యలో టీ, బిస్కెట్లు వద్దు. మసి పేలికలు సంచిలో మూట కట్టండి. చేతులు సబ్బుతో కడిగి, చొక్కా మార్చి, ఆ తర్వాతే బుజ్జిగాణ్ణి ఎత్తుకోవడం.

బిగించేటప్పుడు వరస వెనక్కి. పిడి, స్ప్రింగు ముక్కని రిసీవర్‌లో దాని చోట పెట్టి వెనక్కి లాగి పట్టుకుని, బోల్ట్ వెనక కొస ముందు దించి, ముందు కొస కిందికి నొక్కితే కూర్చుంటుంది. ఈ ఒక్క చోటే రెండు చేతులు చాలవనిపిస్తుంది, మూడో ప్రయత్నానికి అలవాటైపోతుంది. లావు పిన్ను మర్చిపోకండి. సుత్తి వెనక్కి ఎక్కి ఉండగానే ట్రిగ్గర్ భాగం పెట్టి రెండు పిన్నులు దూర్చండి. సేఫ్టీ మళ్లీ మధ్యకి, వెనక భాగం ముందు స్టాక్‌లోకి, తర్వాత ముందు భాగం. స్క్రూ బిగువుగా, అంతేగానీ చెక్క మూలిగేలా కాదు.

ఇప్పుడు పరీక్ష, ఖాళీ రైఫిల్‌తోనే, మూతి ఇసుక బకెట్ వైపు. మ్యాగజైన్ లేదని, చాంబర్ ఖాళీ అని మళ్లీ చూసుకోండి. బోల్ట్ లాగి వదలండి. సేఫ్టీ ఆన్ చేసి ట్రిగ్గర్ నొక్కండి, ఏమీ జరగకూడదు. సేఫ్టీ ఆఫ్ చేసి నొక్కితే “టక్” మనాలి. ఆ వేలు అలాగే నొక్కి ఉంచి ఇంకో చేత్తో బోల్ట్ లాగి వదలండి, సుత్తి పడకూడదు. వేలు మెల్లగా వదిలితే చిన్న “క్లిక్”, మళ్లీ నొక్కితే “టక్”. ఇందులో ఏ ఒక్కటి తేడా వచ్చినా ఆ రైఫిల్ గన్‌స్మిత్ చూసేదాకా తూటా మొహం చూడకూడదు. పని చేస్తుందో లేదో చూద్దామని నిజం తూటాలు పెట్టి ఇంట్లో ఆడించడం అనేది అసలు లేనే లేదు.

అన్నీ సరిపోతే, కొత్త రైఫిల్‌తో పాటు డబ్బాలో వచ్చే తాళం వేసి సేఫ్‌లో పెట్టేయండి, తూటాలు వేరే తాళం కింద. టెక్సాస్‌లో 17 ఏళ్ల లోపు పిల్లల చేతికి లోడ్ చేసిన తుపాకీ అందేలా వదిలేస్తే పెద్దవాళ్ల మీద కేసు పెట్టొచ్చు. సేఫ్ కోడ్‌గా పిల్లల పుట్టినరోజు పెట్టకండి, వాళ్లు మొదట నొక్కి చూసేది అదే.